ఓటరును బాగుచేసిన ఊరు

ఎన్నికల్లో ప్రతిదానికీ తనిఖీ ఉంది. అభ్యర్థి కాగితాలు రిటర్నింగ్ అధికారి చూస్తాడు. ఖర్చుకు పరిమితి ఉంది, లెక్కకు రసీదులుండాలి. పెట్టెకు సీలు, సీలుకు సంతకం, సంతకానికి సాక్షి. తనిఖీ లేనిదల్లా ఓటరుకే. పద్దెనిమిదేళ్లు నిండాయా, జాబితాలో పేరుందా, అంతే. తెర వెనక్కి వెళ్లి ఏం చేసొచ్చాడో అడిగే నాథుడే లేడు. ఇంత పెద్ద వ్యవహారాన్ని ఇంత జవాబుదారీ లేని మనిషి చేతిలో పెట్టి, లెక్కింపు రాత్రి నాయకులు తలలు పట్టుకోవడం లోకమంతటా చూస్తున్నదే.

హాంకాంగ్ ప్రభుత్వం తల పట్టుకుని కూర్చునే రకం కాదు. ఓటరు తప్పు చేసినప్పుడల్లా రెంచీ తీసుకుని వ్యవస్థ కిందికి దూరింది. నలభై ఏళ్లు బిగించి, విప్పి, మళ్లీ బిగించి, 2023 నాటికి పని పూర్తిచేసింది. ఇంత పెద్ద ప్రజాసేవకు రావలసిన కీర్తి రాలేదని నా బాధ. ఆ కొరత కొంతైనా తీర్చడానికి ఆ నగరంలోని ఒక్క వార్డు ఎన్నికల చరిత్రను ఇక్కడ చెప్పబోతున్నాను. వార్డు పేరు లోక్ చుయ్. నగరానికి పడమటి కొసన ఉన్న ట్యూన్ మున్ జిల్లా కౌన్సిల్లో అదొక నియోజకవర్గం. ఇప్పుడు లేదు. ఎందుకు లేదన్నదే కథ.

ముందు ఈ జిల్లా కౌన్సిళ్లు ఏమిటో చూద్దాం. బ్రిటిష్ వాళ్లు 1982లో నగరాన్ని 18 జిల్లాలుగా విడగొట్టి, ఒక్కోదానికి ఒక బోర్డు పెట్టారు. దాదాపు 140 ఏళ్లు ఏలాక, సర్దుకుని వెళ్లే ముందు, జనాన్ని కూడా ఒక మాట అడిగితే బావుంటుందని వాళ్లకు తోచింది. అడగడమైతే అడిగారు కానీ బోర్డులో అధికారులనూ, తాము నియమించిన పెద్దమనుషులనూ కూర్చోబెట్టి, మిగిలిన కుర్చీలకే ఎన్నిక పెట్టారు. చివరి గవర్నరు క్రిస్ ప్యాటెన్ 1994లో ఆ నియామకాలు ఎత్తేశాడు, ఓటు వయసు 21 నుంచి 18కి దించాడు. 1997లో చైనా వచ్చింది. ప్యాటెన్ ఇల్లు ఖాళీ చేస్తూ మార్చిన తాళాలన్నీ కొత్త యాజమాన్యం మళ్లీ మార్చుకుంది. రెండేళ్లు తాత్కాలిక బోర్డులు, అన్నీ నియామకాలే. 1999లో పేరు కౌన్సిల్ అని మార్చి ఎన్నికలు పెట్టినప్పుడు 390 సీట్లకు ఓటింగ్, 102 సీట్లకు నియామకం. పైన 27 మంది గ్రామీణ కమిటీల అధ్యక్షులు, హోదా రీత్యా. ఎక్స్ అఫీషియో సభ్యుల మహిమ హైదరాబాద్ మేయరు ఎన్నికలు చూసినవాళ్లకు విడమరచి చెప్పనక్కర్లేదు.

ఇక అధికారాల విషయం. హాంకాంగ్ రాజ్యాంగంలాంటి బేసిక్ లాలో 97వ అధికరణం ఉంది. జిల్లా సంస్థలు రాజకీయ అధికార సంస్థలు కావని అందులో స్పష్టంగా రాశారు. సలహా చెప్పొచ్చు. పన్ను వేయడానికి లేదు, చట్టం చేయడానికి లేదు, కమిషనరును పిలిచి గద్దించడానికి అసలే లేదు. మార్కెట్లు, మరుగుదొడ్లు, గ్రంథాలయాలు చూసుకునే మునిసిపల్ కౌన్సిళ్లు రెండు ఉండేవి. 1999 చివరితో వాటినీ రద్దు చేసి ఆ పనులు ప్రభుత్వ శాఖలకు అప్పగించారు. జిల్లా కౌన్సిలరుకు మిగిలింది బస్టాపు మీద రేకు, నడక దారికి కప్పు, పార్కులో బెంచీ. 2013లో ప్రభుత్వానికి చేయి వదులై జిల్లాకు పది కోట్ల హాంకాంగ్ డాలర్లు ఇచ్చి, మీ గుర్తుగా ఏదైనా కట్టుకోండి అంది. క్వున్ తాంగ్ జిల్లా వాళ్లు అందులో దాదాపు ఐదు కోట్లు పెట్టి సంగీతానికి ఎగిరే ఫౌంటెన్ కట్టుకున్నారు. అధికారం లేని సంస్థ డబ్బుతో ఏం చేయగలదో అంతకన్నా నిజాయితీగా చెప్పిన కట్టడం ఇంకోటి లేదు.

అప్పట్లో సగటున 17 వేల జనాభాకు ఒక వార్డు. పోటీలో ఎవరికి ఎక్కువ ఓట్లొస్తే వాళ్లే. డిపాజిట్ మూడు వేల డాలర్లు, అయిదు శాతం ఓట్లు రాకపోతే గోవిందా. వార్డంటే చాలాచోట్ల నాలుగైదు అపార్ట్‌మెంట్ సముదాయాలు, లిఫ్టులు పనిచేస్తే పది నిమిషాల్లో తిరిగొచ్చేంత. ఇంత చిన్న మైదానంలో గెలుపు రహస్యం సిద్ధాంతాల్లో ఎందుకుంటుంది? కడుపులో ఉంటుంది. ప్రభుత్వ అనుకూల పార్టీలు ఈ సత్యాన్ని ఎవరికన్నా ముందు గ్రహించాయి. చలికాలంలో ముసలివాళ్లకు పాము సూప్ విందు. కొన్నాళ్లకు శాకాహార భోజనాలు. శరత్కాలపు పండక్కి మూన్‌కేకులు. పడవ పందేల పండక్కి ఆకుల్లో చుట్టి ఉడికించిన బియ్యపు పొట్లాలు. మధ్యమధ్య బస్సులో ఒకపూట విహారయాత్ర, తక్కువ ధరకు. పాము, శాకాహారం, కేకు, పొట్లం అని వరసగా చదివితే అక్కడి వాళ్లకు ఎన్నికల వ్యూహం మొత్తం అర్థమైపోతుంది. మన దగ్గర సాయంత్రం చీకటిపడ్డాక ఒక్కరోజులో హడావిడిగా జరిగే పంపకాన్ని వాళ్లు పంచాంగం చూసి నాలుగేళ్లూ పద్ధతిగా చేశారు. క్రమశిక్షణ అంటే అది.

ఇంత తినిపించినా ఓటరు 2003లో మొదటి తప్పు చేశాడు. ఆ ఏడాది జులై 1న జాతీయ భద్రతా చట్టం వద్దంటూ అయిదు లక్షల మంది వీధుల్లోకి వచ్చారు. అదే ఊపులో నవంబరు వార్డు ఎన్నికల్లో ప్రజాస్వామ్య పార్టీలకు గుద్దేశారు. ప్రభుత్వ అనుకూల పార్టీల్లో పెద్దదైన డీఏబీకి అధ్యక్షుడు రాజీనామా చేయాల్సి వచ్చింది. ఓటరు మాత్రం 2007కల్లా దారికొచ్చి, మళ్లీ సూప్ గిన్నె ముందు కూర్చున్నాడు. ప్రభుత్వం క్షమించింది.

ఇక మన లోక్ చుయ్. 1999 నుంచి ఈ వార్డు ఆల్బర్ట్ హో చేతిలో ఉంది. ఆయన వృత్తికి న్యాయవాది. 1995లో తొలిసారి శాసనమండలికి వెళ్లాడు, 2006లో డెమోక్రటిక్ పార్టీ అధ్యక్షుడయ్యాడు. పార్టీ అధ్యక్షుడై ఉండి వార్డు సభ్యుడేమిటని మనకు వింతగా ఉంటుంది. మన దగ్గర వార్డు సభ్యుడు ఎమ్మెల్యే కావాలని కలలు కంటాడు. ఎమ్మెల్యే అయ్యాక వార్డు వైపు చూస్తే ఒట్టు. హాంకాంగ్‌లో రెండు పదవులూ ఒకేసారి ఉండొచ్చు. పొద్దున శాసనమండలిలో సార్వత్రిక ఓటు హక్కు గురించి గర్జించి, సాయంత్రం ట్యూన్ మున్‌లో పైపు లీకేజీ ఫిర్యాదు వినొచ్చు. వినకపోతే నాలుగేళ్ల తర్వాత ఏమవుతుందో ముందుముందు చూస్తారు.

ఈ చిన్న వార్డును దేశ చరిత్రలోకి ఈడ్చింది 2010 నాటి ఒక రాజీ. ఆ మే నెలలో ఆల్బర్ట్ హో, ఇంకో ఇద్దరు పార్టీ నాయకులు హాంకాంగ్‌లో చైనా ప్రభుత్వ ప్రతినిధి కార్యాలయంలోకి వెళ్లి చర్చలు జరిపారు. దశాబ్దాలుగా ఆ గుమ్మం బయట నిలబడి నినాదాలివ్వడమే తెలిసిన పార్టీకి లోపల కుర్చీలున్నాయని అప్పుడే తెలిసింది. బేరం ఇలా కుదిరింది: శాసనమండలికి అయిదు కొత్త సీట్లు. శాసనమండలిలో కొన్ని సీట్లు వృత్తి సంఘాల కోటా. ఈ కొత్త సీట్లకు ఓటు వేసేది నగరంలో ఆ కోటాలో ఓటు లేని వాళ్లంతా, అంటే దాదాపు 32 లక్షల మంది. పోటీ చేయడానికి మాత్రం ప్రజలెన్నుకున్న జిల్లా కౌన్సిలర్లే అర్హులు. జనం వీటిని సూపర్ సీట్లన్నారు.

దీనిలోని శిల్పసౌందర్యం గమనించండి. 32 లక్షల మంది ముందుకు వెళ్లాలంటే ముందు నాలుగైదు వేల మంది ఓటేసే వార్డులో నెగ్గి రావాలి. సముద్రం దాటే అర్హత ఉందో లేదో తేల్చేది పెరట్లో నీళ్ల తొట్టి. బస్టాపు రేకు గురించి సలహా చెప్పడానికి పెట్టిన పదవి, ఒక్క దెబ్బతో, నగరంలోకెల్లా పెద్ద ఎన్నికకు ప్రవేశ పరీక్ష అయింది. అధికారం లేని సంస్థలకు ఇంత పని పెట్టొచ్చని 97వ అధికరణం రాసినవాళ్లు కూడా ఊహించి ఉండరు.

రాజీ చేసుకున్నందుకు తిట్లు ఎటునుంచి వస్తాయో తెలుగువాళ్లకు తెలుసు. పక్కవాళ్ల దగ్గర్నుంచే. ద్రోహం, అమ్ముడుపోయారు అంటూ అతివాద ప్రజాస్వామ్యవాదులు లేచారు. 2011 వార్డు ఎన్నికల్లో డెమోక్రటిక్ పార్టీకి బుద్ధి చెప్పడమే పనిగా పీపుల్ పవర్ అనే కొత్త పార్టీ అభ్యర్థుల్ని దింపింది. లోక్ చుయ్‌కి స్వయంగా ఆల్బర్ట్ చాన్ వచ్చాడు. ఆయనా శాసనమండలి సభ్యుడే, ఆయనా ఒకప్పుడు డెమోక్రటిక్ పార్టీవాడే. ఇద్దరు శాసనసభ్యులు, ఇద్దరు ఆల్బర్ట్‌లు, ఇద్దరి లక్ష్యమూ ప్రజాస్వామ్యమే. ట్యూన్ మున్‌లో ఒక మూల నాలుగు బ్లాకుల మధ్య నిలబడి, ఎవరు అసలైన ప్రజాస్వామ్యవాదో తేల్చమని కూరగాయల సంచీతో వెళ్తున్న ఆమెను అడిగారు. వార్డు ప్రజలు ఆల్బర్ట్ హోనే ఎన్నుకున్నారు. పైపుల సంగతి చూసేవాడు ఎవరన్న ప్రశ్నకు వాళ్ల దగ్గర జవాబుంది. ద్రోహం సంగతి తర్వాత చూద్దామనుకుని ఉంటారు.

ఆ ఏడాదే నగరంలో ఇంకో విశేషం బయటపడింది. ఒకే ఫ్లాట్ చిరునామా మీద వేర్వేరు ఇంటిపేర్లున్న ఓటర్లు గుంపులుగా నమోదయ్యారు. పావురాల గూళ్లంతేసి ఇళ్లున్న ఊళ్లో అంత ఉమ్మడి కుటుంబం ఎలా సర్దుకుందో తెలుసుకోవడానికి అవినీతి నిరోధక సంస్థ కొందరిని అరెస్టు కూడా చేసింది. సామరస్యాన్ని ఇలా నేరంగా చూడటం నాకు నచ్చలేదు.

ఇక ఆల్బర్ట్ హోకు మహర్దశ. లోక్ చుయ్ ఇచ్చిన టికెట్టు పట్టుకుని 2012 సెప్టెంబరులో సూపర్ సీటు గెలిచాడు. అంతకుముందు మార్చిలో హాంకాంగ్ ప్రభుత్వాధినేత పదవికి, అంటే ముఖ్య కార్యనిర్వాహక పదవికీ పోటీ చేశాడు. అప్పట్లో దానికి ఓటర్లు 1,200 మంది మించరు, అంతా ముందే ఏరిపెట్టిన పెద్దలు. హోకు వచ్చినవి 76. తన వార్డులో అన్నే వస్తే డిపాజిట్ పోయేది. 2013 జూన్‌లో అమెరికా నిఘా రహస్యాలతో పారిపోయి వచ్చిన ఎడ్వర్డ్ స్నోడెన్ తరఫున వకాల్తా పుచ్చుకున్నాడు. సెల్‌ఫోన్లు ఫ్రిజ్‌లో పెట్టి, పిజ్జా తింటూ రాత్రిదాకా మాట్లాడుకున్నారట. ఒకవైపు ప్రపంచంలోకెల్లా పెద్ద గూఢచార సంస్థ, ఇంకోవైపు ట్యూన్ మున్ జిల్లా కౌన్సిల్ సభ్యుడు. బస్టాపు రేకుల మీద సలహా చెప్పాల్సిన మనిషి ఇలా అంతర్జాతీయ వ్యవహారాల్లో తలదూరిస్తే వార్డు గతేం కాను?

వార్డు గతి 2015 నవంబరులో తేలింది. ఈసారి ఎదురు నిలబడింది జూనియస్ హో. ఈయనా న్యాయవాదే, హాంకాంగ్ లా సొసైటీకి అధ్యక్షుడిగా చేశాడు. ట్యూన్ మున్ గ్రామీణ కమిటీకి కూడా అధ్యక్షుడిగా చేశాడు. ఆ హోదాతో ఎవరినీ ఓటు అడగకుండానే కౌన్సిల్లో కూర్చున్న అనుభవమూ ఉంది. ప్రజాస్వామ్యం మీద ఆయన అభిప్రాయాలు బీజింగ్‌కు ఎంత ఇష్టమో, డెమోక్రటిక్ పార్టీకి అంత కంటగింపు. ఇటు హో, అటు హో, ఇద్దరూ లాయర్లే. కిందటిసారి పేరు కలిసింది, ఈసారి ఇంటిపేరు.

ఫలితం: జూనియస్ 2,013, ఆల్బర్ట్ 1,736. తేడా 277. బరిలో సివిక్ ప్యాషన్ అనే స్థానికవాద పార్టీ అభ్యర్థి చెంగ్ చుంగ్-తాయ్ కూడా ఉన్నాడు. చైనాను వ్యతిరేకించడంలో ఆల్బర్ట్ హోది మెతక వైఖరి అన్నది వాళ్ల ఆరోపణ. చెంగ్‌కు దాదాపు నాలుగు వందల ఓట్లు వచ్చాయి. కూడికలు తీసివేతలు వచ్చినవాళ్లు ఇక్కడ ఒక్క క్షణం ఆగి, లెక్క వేసుకుని, నిట్టూర్చి ముందుకు సాగవచ్చు. చైనాను గట్టిగా ఎదిరించాలన్న వాళ్లు చైనాను ఎంతమాత్రం ఎదిరించని మనిషిని గెలిపించడం రాజకీయాల్లో చాలా పాత విద్య. దానికి పేటెంటు ఎవరిదో తేల్చాలంటే మన దగ్గరి నుంచే పాతిక పార్టీలు కోర్టుకెళ్తాయి.

వార్డు పోయింది కాబట్టి సూపర్ సీటుకు అర్హతా పోయింది. 32 లక్షల మంది ఓటర్ల ప్రతినిధిని 277 ఓట్లు ఇంటికి పంపాయి. నగరంలో ఇంకో సూపర్ సభ్యుడు ఫ్రెడరిక్ ఫంగ్‌కూ అదే గతి పట్టింది. జూనియస్ హో మాత్రం మరుసటి ఏడాదే శాసనమండలికి వెళ్లాడు. ఆయన వెనకే చెంగ్ చుంగ్-తాయ్ కూడా. లోక్ చుయ్‌లో ఓడినా గెలిచినా పైకి వెళ్లే దారి ఉందన్నమాట, ఒక్క పైపులు బాగుచేయించిన మనిషికి తప్ప.

ఇంతవరకూ చూస్తే వ్యవస్థ చక్కగా పనిచేస్తోంది కదా. ఓటరు తన పని చేస్తున్నాడు, సూప్ తన పని చేస్తోంది. ప్రభుత్వం ఎంత నమ్మకంతో ఉందంటే, నియమిత సీట్లను 102 నుంచి 68కి తగ్గించి, 2016 జనవరికల్లా పూర్తిగా ఎత్తేసింది. ఇక నగరమంతా ఎన్నికే. నా ఉద్దేశంలో ఆ నలభై ఏళ్లలో ప్రభుత్వం చేసిన ఒకే ఒక్క పొరపాటు ఇదే. తాళం తీసి పెట్టి, దొంగ రాడులే అనుకుంది.

2019 వచ్చింది. నేరస్తులను చైనాకూ అప్పగించేలా తెచ్చిన బిల్లు మీద జూన్‌లో మొదలైన ఉద్యమం నవంబరుకు కూడా చల్లారలేదు. జులై 21 రాత్రి యువెన్ లాంగ్ రైల్వే స్టేషన్లో తెల్లచొక్కాల మూక ప్రయాణికుల మీద కర్రలతో పడింది. ఆ రాత్రే తెల్లచొక్కాల వాళ్లతో జూనియస్ హో చేతులు కలుపుతున్న వీడియో ఊరంతా చూసింది. అక్టోబరులో ఇంగ్లండులోని ఒక విశ్వవిద్యాలయం ఆయనకిచ్చిన గౌరవ డాక్టరేటు వెనక్కి తీసుకుంది. నవంబరు 6న ప్రచారంలో పూలగుచ్ఛంతో దగ్గరకొచ్చిన మనిషి ఆయన్ను కత్తితో పొడిచాడు. ప్రాణానికి ప్రమాదం తప్పింది. కత్తి గురించి వెటకారం ఆడటం నాకు చేతకాదు. అది దుర్మార్గం, అంతే.

నవంబరు 24న పోలింగ్. పొద్దున్నే వీధి మలుపులు తిరిగి క్యూలు. ఎప్పుడూ నలభై ఏడు శాతం దాటని ఓటింగ్ 71 శాతం దాటింది. 29 లక్షలకు పైగా ఓట్లు. అంతకుముందు ఎన్నికలో 68 సీట్లు పోటీ లేకుండానే పోయిన నగరంలో ఈసారి 452 సీట్లలో ఒక్కటీ ఏకగ్రీవం కాలేదు. మౌనంగా ఉన్న అసలు జనం అల్లర్లతో విసిగిపోయారు, పెట్టెలు తెరిస్తే తెలుస్తుంది అని ప్రభుత్వ పక్షం చెబుతూ వచ్చింది. పెట్టెలు తెరిచారు. పోలింగ్ కేంద్రంలోనే, జనం చూస్తుండగా లెక్కించడం అక్కడి ఆనవాయితీ. మౌనంగా ఉన్న జనం నిజంగానే విసిగిపోయి ఉన్నారు. ఎవరితో అన్నదే లెక్క తప్పింది.

452లో 380కి పైగా సీట్లు ప్రజాస్వామ్య పక్షానికి. 18 కౌన్సిళ్లలో 17. ఆ ఒక్కటీ దీవుల జిల్లా. అక్కడ 18 కుర్చీల్లో ఎనిమిది గ్రామీణ కమిటీల వాళ్లవి, హోదా రీత్యా. నేను మొదట్లోనే చెప్పాను, ఎక్స్ అఫీషియోను తక్కువ చేయకూడదని.

లోక్ చుయ్‌లో జూనియస్ హో వెయ్యికి పైగా ఓట్ల తేడాతో ఓడిపోయాడు. గెలిచింది డెమోక్రటిక్ పార్టీకే చెందిన లో చున్-యూ. కేంద్రం బయట జనం షాంపేన్ బాటిళ్లు పొంగించారు. వార్డు సభ్యుడి ఓటమికి షాంపేన్ తెప్పించిన ఘనత చరిత్రలో ఎంతమందికి దక్కింది? భూమ్యాకాశాలు తలకిందులయ్యాయి అన్న అర్థంలో జూనియస్ హో ఫేస్‌బుక్‌లో రాసుకున్నాడు. బస్టాపు రేకుల పదవి పోయినందుకు భూమ్యాకాశాలు కదిలాయంటే, ఆ పదవికి అధికారం లేదన్న 97వ అధికరణాన్ని ఎవరూ నమ్మలేదని అర్థం, ఆయనతో సహా.

నమ్మకపోవడానికి కారణమూ ఉంది. ముఖ్య కార్యనిర్వాహకుణ్ణి ఎన్నుకునే 1,200 మంది కమిటీలో 117 స్థానాలు జిల్లా కౌన్సిలర్లవి. వార్డులు ఎవరివైతే ఆ 117 వాళ్లవి. పాము సూప్ పోసినంత కాలం అవి సరైన చేతుల్లోనే ఉన్నాయి. ఇప్పుడు లెక్క మారబోతోంది. పెరటి తొట్టిలో నీళ్లు ముందు గదిలోకి వచ్చేశాయి.

ఇక్కడే మామూలు ప్రభుత్వానికీ దార్శనిక ప్రభుత్వానికీ తేడా తెలుస్తుంది. మామూలు ప్రభుత్వమైతే ఓటరుకు కోపమెందుకొచ్చిందని ఆరా తీస్తుంది, కమిటీ వేస్తుంది, మంత్రిని మారుస్తుంది. ఆ దారిలో పోతే ఎప్పటికి తెమలాలి? హాంకాంగ్ నేరుగా మూలానికి వెళ్లింది. 2020 జూన్ 30న జాతీయ భద్రతా చట్టం వచ్చింది. 2021లో ఆ 117 స్థానాలు మాయం. కమిటీని 1,500 మందికి పెంచి మరీ మాయం చేశారు. అదే ఏడాది జిల్లా కౌన్సిలర్లంతా విధేయతా ప్రమాణం చేయాలన్నారు. ప్రమాణం చెల్లకపోతే అప్పటిదాకా తీసుకున్న జీతభత్యాలు కక్కాల్సి ఉంటుందన్న మాట ఊరంతా పాకింది. రెండు వందల మందికి పైగా వాళ్లంతట వాళ్లే రాజీనామా చేశారు. ప్రమాణం చేసిన వాళ్లలో 49 మంది ప్రమాణం చాలినంత ప్రమాణంగా లేదని తేల్చి పంపేశారు. భక్తి చాలదని గుళ్లోంచి పూజారిని గెంటినట్టు అనిపించొచ్చు మీకు. నాకైతే నాణ్యతా నియంత్రణలా కనిపించింది.

ఖాళీలకు ఉప ఎన్నికలు పెట్టలేదు. సగానికి పైగా కుర్చీలు ఖాళీగానే పదవీకాలం గడిచిపోయింది. ఖాళీ కుర్చీ అభ్యంతరం చెప్పదు, నినాదం ఇవ్వదు, వాకౌట్ చేయదు, హాజరు మాత్రం నూటికి నూరు శాతం. అధికారులకు అదే ఆదర్శ సభ్యుడు. అయినా ఖాళీ కుర్చీలతో సరిపెట్టుకోకుండా 2023లో అసలు సంస్కరణ తెచ్చారు.

ఇప్పుడు 470 సీట్లు. అందులో జనం నేరుగా ఎన్నుకునేవి 88. అధికారులు నియమించేవి 179. గ్రామీణ కమిటీల 27 యథాతథం, పర్వతాలు కదిలినా అవి కదలవు. మిగిలిన 176ను జిల్లా స్థాయి కమిటీల సభ్యులు ఎన్నుకుంటారు. కౌన్సిల్‌కు అధ్యక్షత వహించేది ప్రభుత్వ అధికారి. 452 చిన్న వార్డులు చెరిపేసి 44 పెద్ద నియోజకవర్గాలు గీశారు, ఒక్కోదానికి ఇద్దరు సభ్యులు. లోక్ చుయ్ అలా పటం మీంచి పోయింది. ఇద్దరు ఆల్బర్ట్‌లనూ, ఇద్దరు హోలనూ, ఒక షాంపేన్ రాత్రినీ చూసిన వార్డుకు కనీసం వీడ్కోలు సభ కూడా జరగలేదు. అంత అల్లరి చేసిన చోటును అలా వదిలేయడం ప్రమాదమని పెద్దలు గ్రహించి ఉంటారు.

ఆ కమిటీల గురించి ఒక మాట. మూడు రకాలు: ప్రాంతీయ కమిటీ, నేర నిరోధక కమిటీ, అగ్నిమాపక భద్రతా కమిటీ. సభ్యుల్ని నియమించేది ప్రభుత్వమే. జనం ఎన్నుకునే 88 సీట్లకు నిలబడాలన్నా ఈ మూడింట్లో ఒక్కోదాని నుంచి ముగ్గురైనా సంతకం పెట్టాలి. అంటే ప్రజాస్వామ్యవాది పోటీ చేయాలంటే ముందు నిప్పార్పే కమిటీని ఒప్పించాలి. నిప్పు పెట్టే రకమని అనుమానం వస్తే వాళ్లు మాత్రం సంతకం ఎలా పెడతారు? డెమోక్రటిక్ పార్టీ తిరిగింది, అడిగింది, ఒక్కరికీ చాలినన్ని సంతకాలు దొరకలేదు. అభ్యర్థుల్లో చాలామంది ఆ కమిటీల సభ్యులే కావడం వల్ల సంతకాలు పెట్టేవాళ్లకూ పెట్టించుకునేవాళ్లకూ దూరాభారం తప్పింది.

డిసెంబరు 10న పోలింగ్ జరిగింది. 27.54 శాతం ఓటేశారు, దాదాపు 12 లక్షల మంది. జిల్లా ఎన్నికల చరిత్రలో ఇదే అతి తక్కువ. సాయంత్రం ఓటర్ల జాబితా చూసే కంప్యూటర్ వ్యవస్థ మొరాయిస్తే పోలింగ్‌ను రాత్రి పదిన్నర నుంచి పన్నెండుకు పొడిగించారు. జనం పోటెత్తి కూలిపోయిందనుకుందామంటే ఆ వీలూ లేదు. నాలుగేళ్ల కిందట 29 లక్షల మంది వచ్చినప్పుడు క్యూలు కదిలాయి. బహుశా యంత్రానికి కూడా ఆ రోజు ఇంటిదగ్గరే ఉండాలనిపించి ఉంటుంది.

పాత లోక్ చుయ్ మనుషులు ఏమయ్యారని అడుగుతారేమో. ఆల్బర్ట్ హో 2021లో అనుమతి లేని సభల కేసుల్లో జైలుకెళ్లాడు, అదే ఏడాది జాతీయ భద్రతా చట్టం కింద ఇంకో కేసు. చెంగ్ చుంగ్-తాయ్‌ని దేశభక్తి చాలదని 2021లో పదవి నుంచి తప్పించారు, ఆయన పార్టీ మూతపడింది. 277 తేడాలో ఎవరి మీద ఎవరు నిలబడ్డారో ఇప్పుడు ఎవరికీ పట్టదు, ఇద్దరూ ఒకే గుమ్మం బయట. డెమోక్రటిక్ పార్టీ 2025లో తనను తానే రద్దు చేసుకునే పనిలో పడింది. జూనియస్ హో 2021 ఎన్నికల్లో కూడా గెలిచి శాసనమండలిలోనే కొనసాగాడు. భూమ్యాకాశాలు మళ్లీ వాటి చోట్లలోకి వచ్చాయి.

నాకు ఒక్కటే అసంతృప్తి. ఆ 88 సీట్లు ఇంకా ఎందుకు? 27 శాతమే వచ్చారని విమర్శకులు ఎత్తిపొడవడానికి తప్ప వాటితో ఒరిగిందేమీ లేదు. అదే రోజు కమిటీ సభ్యులు ఓటేసిన 176 సీట్ల సంగతి చూడండి. అక్కడ ఓటర్లు దాదాపు 2,500 మంది, అందరూ ప్రభుత్వం ఏరి నియమించినవాళ్లు. ఓటింగ్ 97 శాతం దరిదాపుల్లో. క్యూలో తోపులాట లేదు, ఫలితంలో ఆశ్చర్యం లేదు, పాము సూప్ ఖర్చూ కలిసొచ్చింది. ఓటరును నియమించడమే సరైన మందని ఇంత స్పష్టంగా తేలాక, మిగతా 43 లక్షల మందిని జాబితాలో ఉంచి లాభమేమిటి? కావాలంటే దరఖాస్తు పెట్టుకోమనండి. ఒక్కో కమిటీ నుంచి ముగ్గురి సిఫార్సు, అగ్నిమాపక కమిటీది తప్పనిసరి.

అయితే ఆ 2,500లోనూ నూటికి ముగ్గురు రాలేదు. ప్రభుత్వమే ఎంచి, ప్రభుత్వమే నియమించిన ఆ డెబ్భై, ఎనభై మంది ఆ ఆదివారం పూట ఎక్కడున్నారు, ఎవరితో ఉన్నారు, ఏమనుకుంటున్నారు? దీని మీద వెంటనే విచారణ సంఘం వేయాలి. సభ్యుల్ని నియమించడంలో మాత్రం తొందర పడొద్దు.